సీమ అవిసె ఆకు కోసినందుకు

కాదండీ, అది పిచ్చి మొక్క కాదు... ఎవరూ అడగలేదు, అయినా చెప్తున్నా.

మా చిన్నప్పుడు దీవుల్లో, రంగత్ ఊళ్లో మా ఇంటి వెనక కాలవ గట్టు మీద సీమ అవిసె మనిషెత్తు పెరిగేది. కొమ్మ చివర పసుపుపచ్చ పూలు, కొవ్వొత్తులు నిలబెట్టినట్టు... హిందీ వాళ్లు దాద్‌మారీ అంటారు. దాని ఆకు తామరకి మందు.

రోజంతా తడి లుంగీతో పడవ మీద ఉంటే నడుం చుట్టూ తామర రాక ఏమవుతుంది? అందుకే వేటకెళ్లే మావాళ్లంతా వచ్చి కోసుకెళ్లేవారు. దానికో పద్ధతి ఉంది. ఎవర్నీ అడక్కూడదు. ఆకు కోసి ఒంటికి రాసుకునేదాకా నోరు విప్పకూడదు. మాట్లాడితే మందు పనిచేయదని మా మామ్మ చెప్పేది. ఎవరైనా మౌనంగా దొడ్లోకి వస్తే మేమూ పలకరించేవాళ్లం కాదు.

తర్వాత రోడ్డు కోసం ఆ చెట్టు కొట్టేశారు. మేం పోర్ట్ బ్లెయిర్ వచ్చేశాం. అక్కడ నాన్నకి తామర ముదిరింది... లుంగీ కట్టుకోలేడు, వేటకెళ్లలేడు.

ఒకరోజు నాన్నా నేనూ నడిచి వెళ్తుంటే, ఆ ఊళ్లోనే డెలానీపూర్‌లో ఒక ఇంటి తోటలో అదే చెట్టు కనపడింది! చుట్టూ ఇటుకలు పేర్చి, పువ్వుల కోసం పెంచుతున్నారు. గేటు తీసే ఉంది. నాన్న మాట్లాడకుండా వెళ్లి గుప్పెడు ఆకులు కోశాడు.

"ఏయ్, చోర్!" ఇంటావిడ పరిగెత్తుకొచ్చింది. మన తెలుగావిడే.

"దీదీ, మందుకి..." అన్నాను.

"తో పూఛ్‌నా నహీ ఆతా? అడగడానికి మీ నాన్నకి నోరు లేదా? మూగోడా?"

రోడ్డు మీద జనం ఆగి నవ్వారు. ఆవిడ ఆకులు లాక్కుని రోడ్డు పక్క మురుగు కాలవలో పారేసింది. నాన్న ఒక్క మాట... ఒక్క మాట అనలేదు!

దారంతా ఏడుస్తూ అడిగాను. "ఆకులు పోనాయి కదా నానా, అప్పుడైనా సెప్పొచ్చు కదా?"

పలకలేదు. ఇంటికొచ్చి గుప్పిట తెరిచాడు. నలిగిపోయిన ఆకు, ఒక్కటే. ఉప్పుతో నూరి నడుముకి రాసుకున్నాక అప్పుడు నోరు తెరిచాడు.

"ఆవిడికి తెల్దురా. ఒగ్గీ."

నేను వదల్లేదు. ఆ వీధిలోకి వెళ్తే ఇప్పటికీ ఒళ్లు మండిపోతుంది. తెలీకపోతే మాత్రం... మనిషిని అలా అనొచ్చా?

ఇప్పుడు మావాళ్లు కూడా మెడికల్ షాపులో ట్యూబులే కొంటున్నారు. ఒకప్పుడు ఎవరి దొడ్లో ఉన్నా ఆ చెట్టు అందరిదీ... ఇప్పుడు గేట్ల లోపల ఊరికే పూస్తోంది, ఆకు రాలి కుళ్లిపోతోంది.

మీరు చెప్పండి... ఒక మనిషి మౌనంగా మీ గేటు లోపలికొచ్చి ఆకు కోసుకుంటే, మీరు ముందు ఏమని పిలుస్తారు?