బేస్‌మెంటు కోసం విన్న బాకా

ఆ రోజుల్లో కెనడాకి అందరూ చదువుకోవడానికి వచ్చారు. నేను చదువుకునే మనిషికి మొగుడిగా వచ్చాను. మా ఆవిడకి స్టూడెంట్ వీసా, ఆవిడ వెనకాల నాకు వర్క్ పర్మిట్. పదో తరగతి ఒకసారి తప్పాక మళ్లీ ఆ గుమ్మం తొక్కనివాణ్ణి కనక, కాలేజీ మెట్లదాకా ఆవిడ బ్యాగు మోయడమే నా ఉన్నత విద్య.

అక్కడి కేంబ్రిడ్జ్ అనే ఊళ్లో నాకు గోడౌన్లో పని దొరికింది. ఉండడానికే చోటు దొరకలేదు. విమానం దిగిన ప్రతివాడికీ గది కావాలి. నలుగురు కుర్రాళ్లున్న ఇంట్లో, హాల్లో దుప్పటి అడ్డం కట్టుకుని దాని వెనక మా కాపురం. గిన్నెలు ఎవరు తోమాలన్న చర్చ మొదలైందంటే ఆవిడ పుస్తకం మూసేసేది. పరీక్షలు దగ్గరపడ్డాయి. ఆవిడ పరీక్ష తప్పితే ఇద్దరం పెట్టె సర్దుకోవాల్సిందే.

అప్పుడు తెలిసింది, రిటైరైన పెద్దమనిషి ఒకాయన తన ఇంటి అడుగునున్న బేస్‌మెంటు అద్దెకిస్తాడని. తలుపున్న గది! ఆయన షరతు ఒక్కటే, చప్పుడు చెయ్యకూడదు. అంతకుముందున్నవాళ్లని చప్పుడు చేసినందుకే పంపేశాడట.

బస్సులో మా ఆవిడ నాకు ట్యూషన్ చెప్పింది.

"అక్కడ మీరు నోరు విప్పకండి. జోకులు అసలే వద్దు."

"మరి నవ్వొచ్చా?"

"పళ్లు కనబడకుండా."

ఆదివారం మధ్యాహ్నం వెళ్లాం. ఆయన గది చూపించి, పైన సోఫాలో కూర్చోబెట్టి, మీరు నెమ్మదస్తులేనా అని అడిగాడు. "చాలా" అంది మా ఆవిడ. నేను పళ్లు కనబడకుండా నవ్వాను.

"ఆదివారాలు నేను రికార్డులు వింటాను. కిందికి వినబడుతుంది. భరించగలరో లేదో ఇప్పుడే చూసుకోండి" అంటూ ఒక పాత ఎల్పీ తీశాడు. అట్ట మీద సూట్లేసుకుని ఐదుగురు. ఒక్కడూ నవ్వడం లేదు. వాళ్లకీ బస్సులో ఎవరో ట్యూషన్ చెప్పినట్టుంది. జాజ్‌లో దీన్ని హార్డ్ బాప్ అంటారని చెప్పి, ఆయన ముల్లు దించాడు.

ట్రంపెట్, సాక్సఫోన్ ఒకే మాట మీద నిలబడి ఓ ముక్క వాయించాయి. ఆ పొందిక చూసి ముచ్చటేసింది. అంతే, ట్రంపెట్‌వాడు విడిగా లేచి తన గోడు మొదలుపెట్టాడు. పియానోవాడు మధ్యమధ్య "అదీ, అలా అడుగు" అన్నట్టు ఎగదోస్తున్నాడు. డ్రమ్ములవాడు గిన్నెలు గిరాటేస్తున్నాడు. అడుగున బేస్ తీగలు మీటేవాడొక్కడే ఎవరి జోలికీ పోకుండా తన పని తాను చేసుకుపోతున్నాడు. అచ్చం మా ఇంటి గిన్నెల పంచాయితీ! దేన్నుంచి పారిపోయి వచ్చామో అది ఇక్కడ సూటేసుకుని కూర్చుంది.

నవ్వు ఆపుకుంటూ వింటున్నవాణ్ణి, ఎక్కడ నవ్వు మర్చిపోయానో తెలీదు. ట్రంపెట్‌వాడు ఊపిరి పట్టి పైకి, ఇంకా పైకి లాగి, ఇక దించడేమో అనుకున్నచోట దించాడు. నేను పద్యనాటకాలు చూసి పెరిగినవాణ్ణి. పదో తరగతి తప్పింది కూడా వాటి పుణ్యమే. రాగం అంతదూరం తీసినవాణ్ణి ఊరికే వదిలేయడం నాటకం ముందు పరుచుకున్న మా చాపల మీద ఆచారం కాదు. నా చెయ్యి లేచింది, దానితోపాటు నోరూ లేచింది.

"వన్స్ మోర్!"

కిటికీ అద్దాలు అదిరాయి. మా ఆవిడ నా కాలు తొక్కింది. ఆయన ముల్లు ఎత్తేశాడు. నేను మనసులోనే దుప్పటి మళ్లీ కట్టేసుకున్నాను.

"ఏమన్నావు?"

"సారీ సర్. మా ఊళ్లో నాటకంలో పద్యం బాగుంటే అలా అరుస్తాం. ఆయన మళ్లీ పాడతాడు."

"నాటకం ఆపేసి?"

"చచ్చిపోయిన పాత్రయినా సరే సర్, లేచి పాడాల్సిందే."

ఆయన వంగి, ముల్లుని ట్రంపెట్ మొదలైనచోటికి జరిపాడు. ఈసారి ఆ దించేచోటు వచ్చేసరికి నేను నోరు కట్టుకుని కూర్చున్నాను. అరిచింది ఆయనే.

తాళంచెవి అప్పుడే చేతిలో పెట్టాడు. తక్కిన రోజుల్లో రికార్డులు ముట్టుకోనని మా ఆవిడకి మాట కూడా ఇచ్చాడు.

తిరుగు బస్సులో నన్ను పట్టడం ఎవరితరం?

"చూశావా! ఇంత చదివి నువ్వు సంపాదించలేని ఇల్లు, వన్స్ మోర్ అన్న ఒక్క ముక్కతో సంపాదించాను."

ఆవిడ కిటికీలోంచి చూపు తిప్పకుండానే అంది:

"ఆ ముక్కేదో పదో తరగతి తప్పినప్పుడు అనుంటే బాగుండేది కదండీ."