ఎఫ్‌సీ పాసయ్యాక పారేసిన రాయి

ఆ రోజు నేను చేసిన తప్పు, చెప్పాల్సిన ఒక్క మాట చెప్పకపోవడం. అది 2022 ఏప్రిల్. నూజివీడులో మైలవరం రోడ్డు మీద నా మెకానిక్ షెడ్డు. మామిడి రసాలు కోతకొచ్చే రోజులు.

సరుకు మోసే బండికి ఎఫ్‌సీ ఉండాలి. బండి రోడ్డు మీద తిరగడానికి పనికొస్తుందని రవాణా శాఖ ఇచ్చే కాగితం అది. ఎనిమిదేళ్లు దాటిన బండికి ఏటా చేయించాలి. సొంత కారుకైతే పదిహేనేళ్ల దాకా ఆ అవసరం రాదు. గడువుకు నెల ముందే మెకానిక్‌కి చూపించుకుంటే అన్నీ తీరిగ్గా బాగుచేయించుకోవచ్చు. మా దగ్గర అలా జరగదు. కోత ముంచుకొచ్చాకే అందరికీ గుర్తొస్తుంది.

ఏసురత్నం అలాగే వచ్చాడు. పదేళ్ల మినీ వ్యాన్, గడువు ఆ రోజుతో ఆఖరు. ఇన్సూరెన్సు, పొల్యూషన్ కాగితాలు ఉన్నాయి. లైట్లు, హారన్, వైపర్లు సరిచేసి, వెనక ఎర్ర రిఫ్లెక్టర్ టేపు కొత్తది అంటించాను. హ్యాండ్‌బ్రేక్ లాగితే మాత్రం లివర్ వదులుగా పైదాకా వచ్చేసింది.

"ఇది పనిచేసి ఎన్నాళ్లయింది రత్నం?"

"ఏమోనండీ. నాకు ఇదుందిగా!" అంటూ సీటు కింద నుంచి నల్లరాయి ఒకటి తీశాడు. "నా హ్యాండ్‌బ్రేక్ ఇదేనండీ మేస్త్రీ గారూ. తెగదు, అరగదు, ఆయిల్ అడగదు."

మా వైపు చాలా బండ్లలో అలాంటి రాయి ఉంటుంది. బండి ఆపగానే చక్రం కింద పెడతారు.

కిందికి దూరి చూస్తే బ్రేక్ కేబుల్ సగం తీగలు తెగి పీచు లేచింది. కొత్తది విజయవాడ నుంచి మర్నాటికి గాని రాదు.

"రేపంటే కుదరదండీ. కాగితం లేని బండిని తోటలోకి రానివ్వనన్నాడు తోటాయన. రేపు పొద్దున్నే కోత" అన్నాడు.

అప్పుడు మాలో చాలామంది చేసే పనే చేశాను. దాన్ని 'ఎఫ్‌సీ టైటు' అంటాం. అడ్జస్టర్ నట్ బిగించేస్తే పాత కేబుల్ కూడా ఓ పూట గట్టిగా పట్టుకుంటుంది. నేనూ వెంట వెళ్లాను. రవాణా ఆఫీసులో పరీక్షప్పుడు ఇన్‌స్పెక్టర్ గారు హ్యాండ్‌బ్రేక్ లాగించి, గేరు వేసి కదిలించమన్నారు. ఖాళీ బండి, చదును నేల. కదల్లేదు. పాసయింది.

"మీ చేతిలో ఏముందోగానండీ, బండి కొత్తదైపోయింది!" అన్నాడు ఏసురత్నం. ఆ పొగడ్త నాకు బాగుంది. బ్రేక్ ఈ పూటకే, కేబుల్ మార్చేదాకా రాయి పెట్టడం మానొద్దు అన్న మాట నోటిదాకా వచ్చింది. షెడ్డు దగ్గర ఇంకో రెండు బండ్లు నా కోసం ఎదురుచూస్తున్నాయి. తర్వాత చెబుదాంలే అనుకున్నాను.

నాలుగో రోజు ఫోను వచ్చింది. తోటలో వాలు మీద బండి ఆపి కాయల ట్రేలు ఎక్కిస్తుంటే కేబుల్ తెగి బండి వెనక్కి దొర్లిందట. ట్రేలు అందిస్తున్న నాగమణి అనే కూలీ పక్కకి గెంతింది గాని, కుడి పాదం మీద చక్రం ఎక్కేసింది. ఎముకలు విరిగాయి.

ఆసుపత్రి వరండాలో ఏసురత్నం నేల మీద కూర్చుని ఉన్నాడు.

"తప్పు నాదేనండీ. బ్రేక్ పాసయింది కదా, ఇంకెందుకని రాయి తీసుకెళ్లి తోట కంచెలో పారేశాను. ప్రభువు నన్ను క్షమిస్తాడంటారా?"

నేను అతని భుజం మీద చెయ్యి వేశానే గాని నోరు విప్పలేదు. నింద అతని మీదే వదిలేసి ఇంటికొచ్చాను. మొదటి తప్పు తొందరలో చేసింది. ఇది తెలిసి చేసింది. అంతకాలం ఆ బండిని రాయి కాచింది. నేను పాస్ చేయించి ఆ రాయిని కూడా లేకుండా చేశాను.

ఆదివారం ప్రార్థన అయ్యేదాకా చర్చి బయట నిలబడి, ఏసురత్నాన్ని వెంటబెట్టుకుని నాగమణి ఇంటికి వెళ్లాను. ఇద్దరి ముందూ జరిగింది చెప్పాను. "ఆ వేళే ఒక్క మాట అనుంటే సరిపోయేది కదండీ" అన్నాడు ఏసురత్నం.

నాగమణి కట్టు వేసిన కాలు చూసుకుంది. "పాసయిందన్నారుగా బాబాయ్, మరి?"

"పాసయింది నా బిగింపమ్మా. బండి కాదు."

"సరే, బానే చెప్పావు. నాలుగు నెలలు నిలబడొద్దన్నారు. కోతంతా ఇంట్లో కూర్చుని గోడలు లెక్కపెట్టుకోనా?"

పదో తరగతి దాకా చదివానని మాటల్లో చెప్పింది. వారం తిరక్కుండా షెడ్డులో ఆమెకి కుర్చీ వేశాను. ఏ బండి గడువు ఎప్పుడో రాసుకుని, నెల ముందే యజమానికి ఫోన్ చేయడం ఆమె పని. ఆమె కేకలకి భయపడైనా జనం ముందే రావడం మొదలుపెట్టారు. 'ఎఫ్‌సీ టైటు' ఆ రోజుతో మానేశాను. షెడ్డు వెనక వాలు మీద, నిండా లోడుతో ఆగిన బండినే పరీక్షకి పంపుతున్నాను.

మొదట అక్కడ ఆపింది ఏసురత్నం బండినే. కొత్త కేబుల్ వేసి, ట్రేలు నింపి, హ్యాండ్‌బ్రేక్ లాగాను. బండి కదల్లేదు.

"ఆగింది చూశావా!" అన్నాను నాగమణితో.

"ఆగింది సరే. ముందు రాయి పెట్టు బాబాయ్."

ఏసురత్నం కంచెలో వెతికి తెచ్చుకున్న నల్లరాయిని సీటు కింద నుంచి తీసి నా చేతికిచ్చాడు. వంగి చక్రం కింద పెట్టాను.