గంట కొడితే స్పానర్ కింద పెట్టాల్సిందే: ఆనందపురం దాటి ఒక మఠంలో మా బావతో ఓ శనివారం

మా బావకి గుండెలో స్టెంటు వేసి ఇంటికి పంపినప్పుడు డాక్టరు రెండు నెలలు విశ్రాంతి అన్నాడు. రెండు వారాలు తిరక్కుండానే ఆయన ఆటోనగర్‌లో తన లేత్ షెడ్డులో ప్రత్యక్షమయ్యాడు. బావ పేరు సింహాచలం, మా అక్క రమణమ్మ భర్త. లేత్ మీద ఇనప షాఫ్టులు చెయ్యడంలో గాజువాక చుట్టుపక్కల పేరున్న మనిషి, మొండితనంలో అంతకంటే పేరున్న మనిషి. మధ్యాహ్నం అన్నానికి ఇంటికి రాడు, వచ్చినా ఫోను చెవికి ఆనించుకుని నిలబడే తింటాడు. నేను పోర్టు దగ్గర ఓ షిప్పింగ్ ఆఫీసులో ఉద్యోగం చేస్తాను. ఒకరోజు అక్క ఆఫీసుకే ఫోన్ చేసి ఏడ్చింది. "ఒరే తమ్ముడూ, ఈయన్ని ఒక్క రోజైనా ఆ మిషన్ కాడి నుంచి లాక్కెల్లరా. ఇలగే సేత్తే నాకు దక్కడు" అంది. ఆ సాయంత్రమే బావని పట్టుకున్నాను. అరకు అన్నాను, లంబసింగి అన్నాను, ఆఖరికి మన అప్పన్న స్వామి కొండే అన్నాను. అన్నిటికీ బావది ఒకటే మాట: "అక్కడ నాకేటి పని?"

చివరికి పనే ఆయన్ని కదిలించింది. ఆనందపురం దాటాక జీడితోటల మధ్య క్రైస్తవ సన్యాసుల మఠం ఒకటుంది. వాళ్ల ఆవుల కోసం గడ్డి కోసే మిషన్ షాఫ్టు విరిగిపోతే, అక్కడి సన్యాసి బ్రదర్ యోహాను దాన్ని గోనెసంచిలో చుట్టుకుని బావ షెడ్డుకి తెచ్చాడు. బావ కొత్త షాఫ్టు చేశాడు. బిగించడానికి మనిషి కావాలనగానే "నానే వత్తాను" అన్నాడు. ఆ మాట చెవిన పడగానే నేనూ వెంటపడ్డాను. పని పేరుతోనైనా ఒక పూట చెట్ల నీడన ఉంటాడు కదా అని నా ఆశ.

శనివారం ఉదయం ఏడున్నరకి గాజువాకలో బస్సెక్కాం. ఎన్.ఎ.డి. జంక్షన్ దగ్గర ఎప్పటిలాగే నత్తనడక. మద్దిలపాలెంలో దిగి, ఇడ్లీ తిని, ఆనందపురం వైపు వెళ్లే బస్సు పట్టుకున్నాం. ఆనందపురం జంక్షన్‌లో బంతిపూల బుట్టల మధ్య నుంచి దారి చేసుకుని షేర్ ఆటో ఎక్కాలి. మనిషికి ముప్పై రూపాయలు, మన కోసమే ప్రత్యేకంగా తోలమంటే నూటయాభై అడుగుతారు. గాజువాక నుంచి మొత్తం రెండు గంటల పైమాటే. మఠం పేరు చెప్పగానే డ్రైవర్ వెనక్కి తిరిగి మమ్మల్ని ఎగాదిగా చూశాడు. "అక్కడెవులూ మాటాడరు బాబూ. నాను తవుడు బస్తాలు దింపితే నవ్వుతారు, అంతే. మీకు కాలచ్చేపం ఎలగ?" అన్నాడు. "మా బావ కూడా మాటాడడు, తిడతాడు" అన్నాను. బావ నా వీపు మీద ఒక్కటిచ్చాడు.

గేటు లోపల ఎర్రమట్టి దారి, పెంకుల ప్రార్థన గుడి, పక్కన పశువుల శాల. పని వేళ కావడంతో బ్రదర్ యోహాను లుంగీ మీద పాత చొక్కాతో ఎదురొచ్చాడు. యాభై దాటిన మనిషి, పార్వతీపురం వైపు ఊరు. ముందు కూర్చోబెట్టి చల్లటి మజ్జిగ ఇచ్చాడు. బావ మెడలో అప్పన్న డాలరు కనిపిస్తూనే ఉంది. మీరెవరు, ఏ దేవుణ్ని కొలుస్తారు అని ఒక్క మాట అడగలేదు. వచ్చినవాడు ఎవరైనా దేవుడే గుమ్మంలోకి వచ్చాడనుకోవడం వాళ్ల సంప్రదాయమట. ఆ పద్ధతి నాకు అప్పుడే నచ్చేసింది. తెల్లారకముందే లేస్తారు. రోజులో చాలాసార్లు గుడిలో చేరి కీర్తనలు పాడతారు. మధ్యలో పొలం, ఆవులు, చదువు, వంట, అన్నీ తమ చేతులతోనే. ఇలాంటి మఠాల్లో వందల ఏళ్లుగా ఇదే వరస అని బ్రదర్ చెప్పాడు.

బావకి ఈ కబుర్లు పట్టలేదు. అప్పటికే మిషన్ విప్పేసి నూనెలో మోచేతుల దాకా మునిగిపోయాడు. షాఫ్టుకి కత్తుల చక్రం తొడిగి, ఇద్దరూ చెరో చివర పట్టుకుని పైకెత్తి బేరింగుల మీద కూర్చోబెట్టబోతుండగా గుడి గంట మోగింది. బ్రదర్ యోహాను "దింపుదాం మేస్త్రి గారూ" అన్నాడు. సగం ఎత్తిన దాన్ని మెల్లగా గోనె మీద దింపించి, చేతులు తుడుచుకుని, గుడి వైపు నడిచి వెళ్లిపోయాడు. 

"ఏట్రా ఇది? సగంలో ఒగ్గీసి ఎలిపోయాడేటి? ఒక్క నిమిషం ఆగితే షాఫ్టు కూకునీది కదా!" అని బావ నామీద విరుచుకుపడ్డాడు, గంట కొట్టింది నేనే అయినట్టు. నేను సర్దిచెప్పేలోపే వంగి, ఆ ఇనుమంతా ఒక్కడే ఎత్తబోయాడు. బరువులు ఎత్తొద్దని డాక్టరు ఎన్నిసార్లు చెప్పాడో! నేను పరిగెత్తి పట్టుకునేసరికి ఆయన మొహం పాలిపోయి ఉంది, నుదుటి మీద చెమట. ఆవుల తొట్టి గట్టు మీద కూలబడ్డాడు. ఫోను తీస్తే సిగ్నల్ లేదు. అక్కకి ఏం మొహం పెట్టుకుని చెప్పాలి? "కంగారు పడకు, ఊపిరాడతంది" అన్నాడు బావ గొణుగుతూ. గుడిలోంచి తెలుగు కీర్తన వినిపిస్తోంది. ఒక వరస వాళ్లు పాడి ఆగితే, రెండో వరస వాళ్లు అందుకుంటున్నారు. మధ్యలో ఆగడం ఉంది చూశారూ, అది చాలా బాగుంది. బావ ఊపిరి నెమ్మదించేదాకా నేను ఆయన మణికట్టు వదల్లేదు.

బ్రదర్ తిరిగొచ్చి, బావ వాలకం చూసి ముందు నీళ్లిచ్చాడు. బావ నీళ్లు తాగి మళ్లీ మొదలెట్టాడు. "ఇలగ మజ్జిలో ఒగ్గీత్తే పని ఎప్పటికవుద్ది బ్రదరూ? ఆవులేటి తింటాయి?"

"సేత్తో కోసి ఏత్తన్నాం మేస్త్రి గారూ. మూడు వారాలై అలగే తింతన్నాయి."

"మరి పని మజ్జిలో గంట కొడితే సిరాకనిపించదా?"

"అనిపించదేటి! కొత్తలో పళ్లు నూరీవోణ్ని. నాను నేకపోతే పని ఆగిపోద్దనుకునీవోణ్ని కదా. గంట కొట్టగానే ఒగ్గీసి ఎల్లాలి, అదీ ఇక్కడ పద్ధతి. తిరిగొచ్చి సూత్తే పని అక్కడే ఉండీది, నా కోసం ఏడవనేదు" అని నవ్వాడు. బావ నవ్వలేదు.

పన్నెండున్నరకి భోజనం. అన్నం, పప్పు, బీరకాయ కూర, మజ్జిగ. భోజనాల దగ్గర ఎవరూ మాట్లాడరు, ఒకాయన నిలబడి ఏదో పుస్తకం చదువుతుంటాడు. రెండోసారి కూర కావాలని ఎలా అడగాలో తెలియక నేను దిక్కులు చూస్తుంటే, ఎదురుగా కూర్చున్న ముసలి సన్యాసి గిన్నె నా వైపు జరిపాడు. అడక్కుండానే ఎదుటివాడి ఆకలి కనిపెట్టడం వాళ్లకి అలవాటేమో. బావ కూర్చుని, ఫోను లేకుండా, చివరి మెతుకు దాకా నిదానంగా తిన్నాడు. అలా తినడం చూసి ఎన్నేళ్లయిందో. తర్వాత అతిథి గదిలో మూడింటి దాకా పడుకున్నాడు, గురక కూడా పెట్టాడు.

మళ్లీ పని మొదలైంది. షాఫ్టు కూర్చుంది, బెల్టు ఎక్కింది. ఐదున్నర కావస్తోంది, ఇంకా రెండు బోల్టులు బిగించాలనగా గంట మోగింది. బ్రదర్ లేచి వెళ్లిపోయాడు. ఆరున్నరకి చివరి షేర్ ఆటో. దొరక్కపోతే రాత్రికి ఇక్కడే. "రెండు బోల్టులే కదా బావా, బేగి బిగించీ, ఎలిపోదాం" అన్నాను. ఆ మాట అన్నది నేనేనండీ! బావని పనిలోంచి లాగడానికి ఇంత దూరం తీసుకొచ్చిన నేనే.

బావ చేతిలో స్పానర్ వంక చూసుకున్నాడు. "గంటయింది కదరా" అని దాన్ని గోనె మీద పెట్టేశాడు. వెళ్లి గుడిలో ఆఖరి బెంచీ మీద కూర్చున్నాడు. నేనూ పక్కనే చేరాను. కీర్తనలు అయ్యాక బయట అరుగు మీద కూర్చుని, నేను అడక్కుండానే చెప్పాడు.

"ఆస్పత్రిలో ఉన్నన్నాళ్లూ షెడ్డు మూతపడిపోద్దనుకున్నాన్రా. షెడ్డులో కుర్రోళ్లు ఒక్క ఆర్డరు కూడా ఆపనేదు. అదే భయమేసింది. నాను నేకపోయినా నడిచిపోతంటే, మరి నానెందుకు అని."

ఇన్నాళ్లూ ఆయనది పని పిచ్చి అనుకున్నాను. భయం అని తెలియదు. "అక్కకి నువ్వు కావాలి బావా" అన్నాను. ఆయన తల ఊపాడు. బ్రదర్ వచ్చి, రేపు ఆదివారం కాబట్టి మిషన్ తిప్పబోమనీ, సోమవారం ఆ రెండు బోల్టులూ తనే బిగించుకుంటాననీ చెప్పాడు. బావ సరేనన్నాడు, ఆరున్నర ఆటోకి బయల్దేరాం. చేపట్టిన పని పూర్తికాకుండా ఆయన వదిలి రావడం నా ఎరుకలో అదే మొదటిసారి.

బుధవారం మధ్యాహ్నం అక్క నుంచి ఫోన్. "ఒరే, మీ బావ పనొగ్గీసి ఇంటికొచ్చి, నాతో పాటు కూకుని అన్నం తిన్నాడ్రా. నువ్వు తిన్నావా అని కూడా అడిగాడు. ఒంట్లో బాగునేదేటి? ఆస్పత్రికి తీసుకెల్దుమా?" వెనక నుంచి బావ గొంతు వినిపించింది: "ఏటీ నేదని సెప్పు. ఆకలేసింది, వచ్చాను." నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి.

సన్యాసం మనవల్ల అయ్యే పని కాదు. నాకు కూర రెండోసారి కావాలి, ఆఫీసు ఫోను ఎత్తాలి, నెల తిరిగితే ఇంటి అద్దె కట్టాలి. కానీ పని అయ్యాక ఆగుదాం అనుకుంటే మన పనులు ఎన్నడూ అవ్వవు. ఆ మఠంలో వాళ్లు పని అయిపోయిందని ఆగరు, వేళయింది కాబట్టి ఆగుతారు. మళ్లీ వచ్చి అంతే శ్రద్ధగా చేస్తారు. పనిని ఇంతగా గౌరవిస్తూనే నెత్తికెక్కించుకోని మనుషుల్ని నేనింకెక్కడా చూడలేదు. ఇప్పుడు నేను మధ్యాహ్నం ఒంటిగంటకి కంప్యూటర్ ముందు నుంచి లేస్తున్నాను, సగం టైపు చేసిన మెయిలు అలాగే వదిలేసి. మా మేనేజరు వింతగా చూస్తున్నాడు, చూడనివ్వండి.

వెళ్లాలనుకునేవాళ్లకి ఒక్క సలహా. ముందుగా మఠం ల్యాండ్‌లైన్‌కి ఫోన్ చేసి చెప్పి, పదింటికల్లా చేరేలా బయల్దేరండి. మీ ఇంట్లో కూడా కూర్చోలేని మనిషి ఉంటే విశ్రాంతి అని చెప్పి పిలవకండి, రాడు. ఏదో ఒక పని ఉందని చెప్పి తీసుకెళ్లండి. ఆ పని పూర్తయ్యేదాకా మాత్రం అక్కడ ఉండకండి.