కంప్యూటర్‌లో అత్తమ్మ మంద

మా అత్తమ్మ పోయిన నెల నిద్రలోనే కన్నుమూసింది. దినాలయ్యాక కోస్గిలో మా జిరాక్స్ దుకాణం మళ్లీ తెరిస్తే, వచ్చినవాళ్లంతా కౌంటర్ పక్కన ఖాళీ కుర్చీ చూసి, ముసలమ్మ ఏదని అడుగుతున్నారు.

ఆమె గొర్లు కాసిన మనిషి. మోకాళ్లు అరిగి నడవలేకపోయేసరికి మందను అమ్మేశాం. ఆ తర్వాత గోడకు చేరగిలి ఊరికే కూర్చుంటుంటే చూడలేక, గిరాకీ లేని మధ్యాహ్నాలు కంప్యూటర్‌లో గొర్రెల ఆట పెట్టిచ్చాను. ఇంటర్నెట్‌లో ఉచితంగా ఆడుకునేది. గొర్రెలను మేపాలి, లారీ వచ్చి హారన్ కొడితే అమ్మాలి. వారంలో మౌస్ పట్టింది. ఇక నేనొక కాగితం ప్రింట్ తీయాలన్నా ఆమెను బతిమాలుకోవాల్సిందే. అంతకుముందు కూర సంగతి తప్ప మా ఇద్దరికీ పెద్దగా మాటలుండేవి కావు.

శుక్రవారం మాత్రం అమ్మేది కాదు. హారన్ ఎంత మోగినా లారీని ఖాళీగా పంపేది. పాయింట్లు పోతాయమ్మా అని కాపీలకొచ్చిన కాలేజీ పిల్లలు నెత్తీనోరూ కొట్టుకునేవారు.

"శుక్రారం జీవాన్ని ఇంట్లకెల్లి పంపుతరా? లచ్చిమి పోదా?" అనేది.

ఒకరోజు ఆట రాలేదు. గొర్రెలుండే చోట బూడిదరంగు డబ్బా కనబడింది. ఆ ఆటను నడిపించే ఫ్లాష్ అనే సాఫ్ట్‌వేర్‌ను రిటైర్ చేశారని, ఇక బ్రౌజర్‌లో రాదని చెప్పాను.

"రిటైరైతే ఆడు ఇంటికి వోవాలె గని, నా గొర్లను తోల్కవోతడా?" అంది.

నవ్వాను గానీ, ఆ పూట ఆమె అన్నం సరిగ్గా తినలేదు. రెండోసారి మంద పోయినట్టయింది పాపం.

నాకూ పట్టుదల వచ్చింది. వెతగ్గా వెతగ్గా, పాత ఆటలంటే ప్రాణమిచ్చేవాళ్లెవరో వాటిని దాచిపెట్టి, బ్రౌజర్ లేకుండా ఆడుకునే ప్రోగ్రాం తయారుచేశారని తెలిసింది. దాన్ని దించుకుని తెరిచాను. ఆట వచ్చింది, ఆమె పెంచిన మంద రాలేదు. మొదట్లోలాగా రెండే గొర్రెలు. ఆమె మొహం చూడాలంటే భయమేసింది.

"గివే సాలు బిడ్డా. నా లగ్గంల మా నాయిన ఇచ్చినయి గూడ రెండే" అని మౌస్ అందుకుంది.

నిన్న కంప్యూటర్ వేసి ఆ ఆట తెరిచాను. ఆ రెండింటితో ఆమె మళ్లీ పెంచిన మంద తెర నిండా మేస్తోంది. లారీ వచ్చి హారన్ కొట్టింది. నా చెయ్యి మౌస్ మీదికి పోయింది. నిన్న శుక్రవారం. చెయ్యి వెనక్కి తీసుకున్నాను. లారీ కాసేపు ఆగి ఖాళీగా మళ్లిపోయింది. గొర్రెలు తలెత్తకుండా మేస్తూనే ఉన్నాయి.