రత్నం గారి చూడు కార్డులు

నిన్న పోస్టాఫీసులో పార్సిలు పంపడానికి వరసలో నిలబడ్డాను. కిటికీ అవతల గుమాస్తా బొటనవేలికి రబ్బరు తొడుగు పెట్టుకుని ఉత్తరాల కట్ట తిరగేస్తున్నాడు. ఉక్కపోతకు ఆ రబ్బరు మెత్తబడి వాసన వేస్తోంది. పాత సైకిలు ట్యూబుకీ కొత్త చెప్పుల పెట్టెకీ మధ్యలో ఎక్కడో ఉండే వాసన. దాన్ని సువాసన అని ఎవరూ అనరు. నేను మాత్రం నా వంతు వచ్చినా కదలకుండా, వెనకాయన నన్ను మర్యాదగా రెండుసార్లు పొడిచేదాకా పీలుస్తూ నిలబడ్డాను. పార్సిల్లో ఉన్నది ఒక లావుపాటి పుస్తకానికి నేను తయారుచేసిన పదసూచిక. పుస్తకం చివర సన్న అక్షరాలతో, ఎవరూ చదవని, అందరూ వెతుక్కునే ఆ పేజీలు తయారుచేయడమే నా బతుకుతెరువు. చిన్నప్పుడే ఈ ఉద్యోగం కావాలని కలగన్నవాడు ఎవడైనా ఉంటాడని నేననుకోను. నన్ను ఇందులోకి దించింది సీతారత్నం గారు, ఆవిడ కుడి బొటనవేలికి ఎప్పుడూ ఉండే ఆకుపచ్చ రబ్బరు తొడుగు. అన్నం తినేటప్పుడు మాత్రం దాన్ని ఎడమ వేలికి మార్చుకునేవారు. తీసి పక్కన పెట్టడం నేను చూడలేదు, ఒక్కసారి తప్ప.

అప్పుడు నాకు ఇరవై నాలుగేళ్లు. విజయనగరంలో బీఎస్సీ, విశాఖపట్నంలో ఆరు నెలల కంప్యూటరు కోర్సు పూర్తిచేసుకుని, ఇనుపరాయిని కిందికీ మనుషుల్ని పైకీ మోసే రైలెక్కి బస్తరు చేరాను. బైలదిల్లా కొండల కింద గని టౌన్‌షిప్పులో ఉద్యోగం. అక్కడ రోడ్లు, కాకులు, ఉతికి ఆరేసిన దుప్పట్లు అన్నీ ఒకే ఎరుపు. చొక్కా ఇంకా తెల్లగా ఉందంటే మనిషి కొత్తవాడని లెక్క. నా పని, రికార్డు గదిలో ఉన్న నక్షాలు, రిపోర్టుల జాబితాను కంప్యూటరులోకి ఎక్కించడం. గనిలో వేసిన ప్రతి గొట్టం, కట్టిన ప్రతి కల్వర్టు ఆ గదిలో ఏదో ఒక కాగితం మీద ఉండేవి. కంప్యూటర్లు అప్పట్లో చల్లటి గదుల్లో, వచ్చినవాళ్ల చేత చెప్పులు విప్పించుకుంటూ బతికేవి. నాకిచ్చిన క్వార్టరులో ఫ్యాను లేదు. గ్రేడులో కంప్యూటరు నాకంటే పెద్దది కాబట్టి నేనేమీ అనుకోలేదు.

రికార్డు గది సీతారత్నం గారిది. ఆవిడది కోంటా. శబరి ఒడ్డున ఉన్న ఆ ఊళ్లో వాళ్ల నాన్నగారికి బట్టల దుకాణం ఉండేది. టౌన్‌షిప్పులో హిందీవాళ్లు ఆవిడను రత్నం దీదీ అనేవారు, మన ఆంధ్రావాళ్లు మేడం అనేవారు. ఆవిడ రెండింటికీ ఒకేలా, తల ఎత్తకుండా పలికేవారు. మొదటిరోజు నా ముందు ఒక నక్షా పరిచి, ఏ నక్షా ఎక్కడుందో వెతుక్కోవడానికి సొరుగుల్లో పెట్టే తెల్ల కార్డు ఒకటి చేతికిచ్చారు.

"దీనికి కార్డు రాయి, శేషగిరీ. ఏ పేరు మీద రాస్తవ్?"

నక్షా మూలనున్న పేరు చూసి బుద్ధిగా రాశాను: క్రషింగ్ ప్లాంటు, ధూళి నివారణ ఏర్పాటు, ఉత్తర భాగం.

"అది గీసినాయన పెట్టిన పేరు. ఆయన గీసె, పాయె. ఆయనకి దీనితోటి ఇంకేం పని? దీన్ని వచ్చి అడిగేటోడు ఎవరు?"

"ఎవరండీ?"

"నన్నడుగుతవేంది? పోయి తెలుసుకో."

పోయి తెలుసుకోవడమంటే నిజంగా పోవడమే. మర్నాడు పొద్దున షిఫ్టు బస్సులో నన్ను కొండ మీదికి తీసుకెళ్లారు. క్రషర్ దగ్గర దుమ్ము లేవకుండా నీళ్లు చిమ్మే గొట్టాల కింద నిలబెట్టి, వచ్చినవాణ్ణల్లా "దీన్నేమంటరు?" అని అడిగించారు. హిందీ ఆపరేటరు ఫువ్వారా అన్నాడు. శ్రీకాకుళం వెల్డరు జల్లు గొట్టం అన్నాడు. ఇంకొకాయన చెప్పిన పేరు రాయదగ్గది కాదు. ఆవిడ అది కూడా రాసుకున్నారు. సగం తడిసి సగం ఎర్రబడి దిగి వచ్చాక, అసలు పేరుతో ఒక తెల్ల కార్డు, మిగతా పేర్లతో మూడు చిన్న కార్డులు తయారయ్యాయి. "ఫువ్వారా, చూడు: ధూళి నివారణ." అంతే ఉంటుంది చిన్న కార్డు మీద. వాటిని ఆవిడ చూడు కార్డులనేవారు. ఆఫీసు వాళ్లు నక్షాకు ఒక్క తెల్ల కార్డే మంజూరు చేస్తారు కనుక, ఈ చిన్నవాటిని కోంటా దుకాణం పాత క్యాలెండర్లు కత్తిరించి చేసుకునేవారు. ఇవతల అక్షరాలు, అవతల లక్ష్మీదేవి మోచేయో, ఏదో నెల పదకొండో తారీఖో ఉండేవి.

"ఇంత కష్టం ఎందుకండీ? సరైన పేరు ఒకటి నేర్పితే అందరూ అదే అడుగుతారు కదా" అన్నాను. డిగ్రీ చదివినవాడికి రావలసిన ఆలోచనే వచ్చింది.

"మా నాయిన కొట్ల ఒకటే బట్టకి నాలుగు పేర్లు. అడవిల దోర్లోళ్లొకటంటరు, హల్బీ మాట్లాడేటోళ్లొకటంటరు, జగదల్‌పూర్ నుంచొచ్చే సాబులు హిందీల ఇంకోటంటరు. దీని పేరు అది కాదమ్మా అని మా నాయిన ఒక్కనాడన్న అన్లే. అంటే పక్క కొట్టుకు పోతరు."

"ఇక్కడ పక్క కొట్టు లేదు కదండీ."

"అందుకే ఇంకా జాగర్తగుండాలె. ఈడ దొరక్కపోతే, అసలు లేదే లేదనుకుంటరు."

ఆ మాట నాకు ఎక్కలేదు. నేను కంప్యూటరు దగ్గరికెళ్లి చెప్పులు విప్పాను.

మా పై అధికారి తివారీ సాబ్ మంచి మనిషి. ఆయనకు ఒకటే తొందర. కంప్యూటరుకు తోడుగా మరో యంత్రం వస్తోంది, దానికి రికార్డు గదిలో సగం కావాలి. అందుకని నా జాబితా పూర్తయిన రోజున కార్డుల సొరుగులన్నీ తుక్కు కొనేవాడికి వెళ్లిపోవాలని ఆర్డరు వేశారు. పంతొమ్మిదేళ్ల కార్డులు. రత్నం గారు ఆ ఆర్డరు చదివి, వెనక్కి తిప్పి, ఖాళీగా ఉందని చూసి, కత్తిరించుకోవడానికి పక్కన పెట్టుకున్నారు. నాతో మాత్రం ఒక్క మాట అన్నారు. "నువ్వు ఎక్కించినవే ఉంటయ్. ఎక్కించనివి ఉండయ్. చూసి ఎక్కించు."

చూడు కార్డుల్ని అక్షరాల వారీగా కట్టలు కట్టి ఇచ్చారు. కట్టలు నా బల్ల కింద పది రోజులున్నాయి. ఒక నక్షాకు ఒకే నమోదు చాలని, మిగతావన్నీ అదే మాటను తిరగ రాయడమని నాకు గట్టి నమ్మకం. పైగా డిస్కులో చోటు తక్కువ, నాలో ఓపిక అంతకంటే తక్కువ. తెల్ల కార్డులు మాత్రం ఎక్కించి, కట్టల్ని సొరుగుల్లో సర్దేశాను. పని అనుకున్నదానికంటే ముందే అయిపోయిందని తివారీ సాబ్ నా భుజం తట్టారు.

"అన్నీ ఎక్కించినవా?" అనడిగారు రత్నం గారు.

"కావలసినవన్నీ ఎక్కించానండి."

ఆవిడ నా మొహం చూసి తలాడించారు. అబద్ధం చెప్పలేదని నాకు నేను చెప్పుకున్నాను. దానికి మాత్రం బాగా ఓపిక పట్టింది.

సొరుగుల్ని వరండాలోకి చేర్చిన రెండో రోజు కింది కాలనీలో నీళ్ల మెయిను గొట్టం పగిలింది. నీరంతా రోడ్డు మీద పోతోంది, ఇళ్లలో చుక్క లేదు. ఆపాలంటే పైన ఒక వాల్వు కట్టేయాలి. ఆ వాల్వు గది రోడ్డు వెడల్పు చేసినప్పుడు మట్టి కింద పూడిపోయింది. దాన్ని కట్టిన వాళ్లంతా ఎప్పుడో రిటైరై ఊళ్లకు పోయారు. మూడోరోజు పొద్దున ఫిట్టరు బుధరామ్ మా గదికొచ్చాడు. కాళ్లు మోకాళ్లదాకా బురద. చల్లటి గది గుమ్మం దగ్గర విప్పడానికి చెప్పులు లేక అక్కడే ఆగిపోయాడు.

"సియాడీ వాల్వు నక్షా చాహియే, బాబూ."

సియాడీ అంటే అక్కడివాళ్ల మాటలో మన అడ్డాకు తీగ, విస్తళ్లు కుట్టేది. వాల్వు పక్కన ఒకప్పుడు ఆ తీగ ఉండేదట. పేరు పాతవాళ్ల నుంచి బుధరామ్‌కు వచ్చింది, చోటు రాలేదు. నేను ధీమాగా సియాడీ అని కొట్టాను. అటువంటిది లేదంది కంప్యూటరు. వాల్వు అని కొట్టాను. మూడు వందల పైచిలుకు వాల్వులున్నాయని చెప్పి, ప్రింటరు ఒక్కొక్కటే అరుస్తూ అచ్చు వేయడం మొదలెట్టింది. తివారీ సాబ్ వచ్చి నా వెనక నిలబడ్డారు. కాసేపు ఆ కాగితం పొడవు చూసి, రోడ్డంతా తవ్వించేస్తాను అన్నారు. తుక్కు బండి రెండింటికి వస్తుందని కూడా గుర్తుచేశారు, నేను అడగకపోయినా.

వరండాలోకి పరిగెత్తాను. రత్నం గారు స్టూలు మీద కూర్చుని ఉన్నారు. నేను నోరు తెరవక ముందే రబ్బరు తొడుగు తీసి నా చేతిలో పెట్టారు.

"కంప్యూటరుకు తొడగలేం గదా. నువ్వు తొడుక్కో."

"మేడం, నేను చూడు కార్డులు..."

"తెలుసు. నేను కట్టిన ముళ్లు అట్లనే ఉన్నయ్. మా కొట్టు ముడి నాకు తెల్వదా?"

"మరి చెప్పలేదేమండీ?"

"చెప్తే ఎక్కిస్తుంటివి. ఎందుకో తెల్వకుండ ఎక్కిస్తుంటివి. వెతుకు ముందు, నీళ్లు పోతున్నయ్."

'స' కట్ట ముడి విప్పడానికే చాలాసేపు పట్టింది. తొడుగు నా వేలికి వదులు, వెచ్చగా ఉంది. సిగ్నలు, సిబ్బంది క్వార్టర్లు, సిమెంటు దాటాక దొరికింది. "సియాడీ వాల్వు, చూడు: గ్రావిటీ మెయిను, రెండో దశ, నాలుగో భాగం." కింద, రిమార్కు రాసే చోట ఆవిడ దస్తూరీ: "తీగ కొట్టేసినారు. పేరు ఉన్నది." నక్షా తీసి బుధరామ్ చేతికిచ్చాను. అతను దాన్ని నా కళ్ల ముందే నిలువునా, అడ్డంగా తిప్పి చూసి, "టెలిఫోను ఎక్స్చేంజి గోడకి ఏడడుగులు" అని పరిగెత్తాడు. భోజనం వేళకు వాల్వు బయటపడింది, కట్టేయగానే బంగళాలకు, సాయంత్రానికి కింది కాలనీ పంపుల్లోకి నీళ్లొచ్చాయి.

ఈ మధ్యలో రెండయింది. తుక్కు బండి వచ్చి వరండా ముందు ఆగింది. అప్పుడు చూశాను, రత్నం గారి స్టూలు కింద మడతపెట్టిన గుడ్డ సంచులు రెండున్నాయి. సొరుగులు ముప్పై ఆరు. బండి వస్తే ఆ రెండు సంచుల్లో పట్టినన్ని పట్టుకుపోదామని ఇంటి నుంచి తెచ్చుకున్నారన్నమాట. తివారీ సాబ్ గదికి వెళ్లి, జాబితా పూర్తి కాలేదు, పూర్తయిందని చెప్పింది నేనే, బండిని పంపేయండి అన్నాను. నా ప్రొబేషను అప్పటికి ఇంకా నాలుగు నెలలుంది.

"ఎన్ని వదిలేశావు?" అన్నారాయన హిందీలో.

"వదిలేసినవే ఎక్కువండి."

పొద్దున ఆయన ఇంట్లోనూ నీళ్లు లేవు. మధ్యాహ్నం కాఫీ మాత్రం బంగళా నుంచే వచ్చింది. బండిని పంపేసి, కొత్త యంత్రాన్ని సైకిల్ షెడ్డు పక్కన పెట్టించారు. నా ప్రొబేషను ఆరు నెలలు పెరిగింది. చూడు కార్డులు ఎక్కించడానికి నాకు సరిగ్గా అంతే పట్టింది కాబట్టి ఆయన లెక్క తప్పని అనలేను. ఆ ఆరు నెలలూ రత్నం గారు నా పక్కన కుర్చీ వేసుకుని, చల్లటి గదిలో స్వెట్టరు తొడుక్కుని, ఒక్కో పేరూ ఎవరు చెప్పారో, ఎప్పుడు చెప్పారో చెబుతుంటే నేను కొడుతూ పోయాను. కంప్యూటరు మంచి శిష్యుడు, చెప్పింది మర్చిపోదు, కానీ పోయి అడిగి రాదు. అందుకని వారానికో రోజు మేమిద్దరం షిఫ్టు బస్సెక్కి కొండ మీదికి పోయేవాళ్లం. నా చొక్కాలన్నీ ఎర్రబడ్డాయి. నా జీవితంలో అంత సుఖంగా ఉన్న రోజులు ఎక్కువేమీ లేవు.

తరవాత మూడేళ్లకు ఆవిడ రిటైరై కోంటా వెళ్లిపోయారు. వీడ్కోలు సభలో గోడ గడియారం ఇచ్చారు. తివారీ సాబ్ ఆవిడ సమయపాలన గురించి మాట్లాడారు, ఇంకేం మాట్లాడాలో తోచక కావచ్చు. మర్నాడు బుధరామ్ ఏదో పని మీద వచ్చి, అలవాటు ప్రకారం "రత్నం దీదీ ఏదీ?" అన్నాడు. ఏదైనా దొరకనప్పుడు చేసే పని చేశాను. 'ర' సొరుగు లాగాను. అక్కడ కొత్తగా కత్తిరించిన చిన్న కార్డు ఒకటుంది.

"రత్నం దీదీ, చూడు: శేషగిరి."

రిమార్కు రాసే చోట ఏమీ రాయలేదు. బుధరామ్‌కు చదవడం కొద్దిగా వచ్చు. కార్డు చదివి, నన్ను పైనుంచి కిందిదాకా చూసి, "సరే, నువ్వే చెప్పు" అని కుర్చీ లాక్కున్నాడు.

ఆ ఉద్యోగం వదిలేటప్పుడు ఆ కార్డు నాతో తెచ్చుకున్నాను. సొరుగులో ఖాళీ ఉంచకూడదు కనుక, దాని చోట అవే మాటలతో ఇంకోటి రాసిపెట్టి వచ్చాను. ఆవిడ పోయి ఇప్పటికి ఆరేళ్లయింది. నేను చేసిన పదసూచికలు చూసి ప్రచురణకర్తల దగ్గరి కుర్ర సంపాదకులు ఫోను చేస్తుంటారు. ఈ మాట పుస్తకంలో ఎక్కడా లేదు కదండీ, సూచికలో ఎందుకు పెట్టారు, కంప్యూటరు తప్పని చూపిస్తోంది అంటారు. పుస్తకంలో లేదు గానీ దీన్ని వెతుక్కుంటూ వచ్చేవాళ్ల నోట్లో ఉందని చెబుతాను. ఎవరండీ వచ్చేది, అంటారు.

పోయి తెలుసుకో అనాలని ఉంటుంది. వాళ్లకు షిఫ్టు బస్సు లేదు కాబట్టి, నేనే తెలుసుకుని చెబుతాను.