సలోమి అత్త నేర్పిన పాస్

మధ్యాహ్నం స్టాఫ్‌రూములో అన్నం తింటూ ఫోన్లో లెబనాన్ జాతీయ జట్టు బాస్కెట్‌బాల్ ఆట చూస్తున్నాను. వ్యాఖ్యానం అరబ్బీలో ఉంది, ఒక్క ముక్క అర్థం కాదు. కానీ చెక్క నేల మీద బూట్లు రాసుకునే చప్పుడు వినగానే ముద్ద చేతిలోనే ఆగిపోయింది. ఆ చప్పుడు నేను మొట్టమొదట విన్నది ఒక మనిషి నోటి నుంచి. సలోమి అత్త పెదవులు బిగించి "కీచ్, కీచ్" అని చేసి చూపించేది. "చెక్క నేలే, అద్దంలా ఉంటది. తుడిచింది నేనే కదా!" అనేది. పక్కన కూర్చున్న లెక్కల మేడమ్ ఫోన్లోకి తొంగి చూసి, "మన దేశమా ఆడేది?" అని అడిగారు. "కాదండీ, మా అత్త దేశం" అన్నాను. ఆవిడ నన్ను వింతగా చూసి పెరుగు కలుపుకున్నారు.

సలోమి అత్త మాకు చుట్టం కాదు. ఆగిరిపల్లి దగ్గర మా ఊళ్లో, మా ఇంటికి రెండిళ్ల అవతల ఉండేది. వాళ్లు చర్చికి వెళ్లేవాళ్లు, మేము దుర్గమ్మకు మొక్కేవాళ్లం. మా అమ్మ ఆమెను వదినా అని పిలిచేది కాబట్టి నాకు అత్త. భర్త పోయాక ఇంటిపనికి లెబనాన్‌లోని బీరూట్ వెళ్లి పన్నెండేళ్లు ఉంది. ఆ ఇంటి యజమాని అక్కడి ఒక పెద్ద క్లబ్బుకు కోచ్. అతని పిల్లల్ని ప్రాక్టీసుకు తీసుకెళ్లడం, ఆటగాళ్ల జెర్సీలు ఉతకడం, కోర్టు తుడవడం కూడా ఆమె పనిలోకే వచ్చాయి. పన్నెండేళ్లు గోడకు చేరగిలబడి చూసి ఆట మొత్తం కంఠతా పట్టేసింది. అక్కడ యుద్ధం వచ్చి ఓడెక్కి తిరిగొచ్చినప్పుడు ఊరంతా బంగారం కోసం చూస్తే, ఈమె పెట్టెలోంచి గాలి తీసేసిన బంతి బయటపడింది. అందరూ నవ్వారు. ఆమె లెక్కచేయలేదు. అసలు ఎవరినైనా లెక్కచేసే అలవాటు ఆమెకు తక్కువ.

సీజను లేనప్పుడు ఖాళీగా పడి ఉండే మామిడికాయల షెడ్డు ముందున్న సిమెంటు గచ్చే మా కోర్టు. వెల్డింగ్ షాపులో ఇనుప రింగు చేయించి స్తంభానికి బిగించింది. కాయలు కోసే గడకు కట్టే చిక్కం తీసుకుని, అడుగు కత్తిరించి, రింగుకు వలగా వేలాడదీసింది. నాకప్పుడు పద్నాలుగేళ్లు. మేం తొమ్మిదిమంది ఆడపిల్లలం, అందరం తోట కూలీల పిల్లలమే. మొదటి వారమంతా ఆమె తల పట్టుకుంది, ఎందుకంటే మాలో ఒక్కరూ బంతిని నేలకు కొట్టేవాళ్లు కాదు. రాక కాదు, మనసొప్పక. చెట్టు మీంచి వేసిన కాయను ఒడిలోనో గోనెలోనో పట్టాలి. నేల తగిలితే దెబ్బకాయ, ఇంటికెళ్తే వీపు విమానం మోత. నడక వచ్చినప్పటి నుంచీ చేతులకు అబ్బిన బుద్ధి అది. బంతి అందగానే గుండెలకు హత్తుకుని నిలబడిపోయేవాళ్లం. "కింద కొట్టండే! అదేమన్నా చిన్నరసమా నలిగిపోడానికి?" అని అరిచేది అత్త. అయితే పట్టడంలో మాత్రం మా చేతులు చూసి మురిసిపోయేది. తన క్లబ్బు డబ్బులిచ్చి తెచ్చుకున్న అమెరికా ఆటగాళ్లకు కూడా ఇంత మెత్తగా పట్టడం రాదని చెప్పేది. అది నిజమో కాదో తెలియదు కానీ మేము నమ్మాం.

ఆట ఆపి నీళ్లు తాగేటప్పుడు బీరూట్ కబుర్లు మొదలయ్యేవి. అక్కడ ఒక్కో క్లబ్బు ఒక్కో పేటది, ఒక్కో మతం వాళ్లదట. రెండు పెద్ద క్లబ్బులు తలపడితే జనం సీసాలు విసురుకునేవారట. గొడవలు ముదిరితే జనాన్ని రానివ్వకుండా ఖాళీ హాల్లో ఆడించేవారట. అత్త తన క్లబ్బు మీద ఈగ వాలనిచ్చేది కాదు. ఆ కబుర్లు విని విని మాకూ ఒక శత్రువు కావాలనిపించింది. మైలవరం స్కూలు జట్టు దొరికింది. వాళ్ల కెప్టెన్ పుష్ప మమ్మల్ని "తోట కోతులు" అనేది. ఒక మ్యాచ్‌లో మోచేత్తో నా పెదవి చిట్లగొట్టింది కూడా. నేను పుష్పతో మాట్లాడనని ఒట్టు పెట్టుకున్నాను.

తొమ్మిదో తరగతిలో ఉండగా నూజివీడులో క్రీడా హాస్టల్‌కు సెలెక్షన్స్ పెట్టారు. "సీటొస్తే చదువుకో. రాకపోతే తొమ్మిదితో సరి, నాతో తోటకొచ్చెయ్" అని అమ్మ తేల్చి చెప్పింది. అమ్మ చెడ్డది కాదు, ఇంట్లో రెండు చేతులు చాలడం లేదు, అంతే. నేను మాత్రం ఆ రాత్రి నిద్రపోలేదు. తీరా వెళ్తే, అన్ని ఊళ్ల పిల్లల్నీ కలిపి జట్లు కట్టారు. నన్నూ పుష్పనూ ఒకే జట్టులో వేశారు. మా ఇద్దరిదీ ఒకే స్థానం, అందులో ఉన్నది ఒకే సీటు. మొదటి సగమంతా పుష్ప రింగు కింద చేతులు చాచి అరుస్తూనే ఉంది. నేను వినపడనట్టే నటించి, ఎక్కడ పడితే అక్కడి నుంచి నేనే వేశాను. కొన్ని పడ్డాయి, చాలా పోయాయి.

విరామంలో అత్త నీళ్ల సీసాతో వచ్చింది. "ఏమే దుర్గా, పుష్ప కనపళ్లేదా?"

"కనపడింది. దానికెందుకివ్వాలి? నువ్వైతే ఇస్తావా, ఆ ఎదుటి క్లబ్బోళ్లకి?"

అత్త నా పక్కన కూలబడింది. ఆమె ముఖంలో సిగ్గు చూడటం నాకదే మొదటిసారి. "మా సారుని జాతీయ జట్టుకి కోచ్‌గా పెట్టినప్పుడు, అందులో ఆడే ఆ ఎదుటి క్లబ్బు కెప్టెన్ సారింటికి భోజనానికొచ్చాడే. నాకు ఒళ్లు మండిపోయింది. అందరికీ మాంసం వేసి, అతనికి ఏరి ఏరి బొమికలేశాను. సారు చూశాడు. లేచి తన పళ్లెం అతని ముందు పెట్టి, ఆ బొమికలు తను తెచ్చుకుని తిన్నాడు. నేను వంటింట్లోకెళ్లి ఏడ్చాను. ఇన్నాళ్లూ ఎవరికీ చెప్పలేదు. లే, ఈల వేస్తున్నారు."

చివరి నిమిషంలో మా జట్టు ఒక్క పాయింటు వెనకబడి ఉంది. బంతి నా చేతిలో ఉంది, సెలెక్టర్లు ముగ్గురూ నన్నే చూస్తున్నారు. రింగు కింద పుష్ప ఒంటరిగా ఉంది. ఈసారి ఆమె అరవలేదు, నేనివ్వనని తెలుసు కాబట్టి. ఇచ్చాను. ఆమె వేసింది, గెలిచాం. సీటు పుష్పకు వచ్చింది.

బస్సులో అత్త మీద విరుచుకుపడ్డాను. "నీ మాట విని నా చదువు పోగొట్టుకున్నాను" అన్నాను. "సీటు పోయింది, అబద్ధం చెప్పను. చదువు సంగతి నాకొదిలెయ్" అని, దిగగానే నేరుగా మా ఇంటికి నడిచింది. "ఇదిగో వదినా, తప్పు నాది, నన్ను తిట్టు. పిల్లని ఇంకొక్క ఏడు బడికి పంపు" అంది. జరిగింది మొత్తం చెప్పింది, బొమికల సంగతితో సహా. అమ్మ చీపురు పక్కన పెట్టి అంతా విని, "కాయ కోసినోడినే చూసి, కింద పట్టినోడిని వదిలేశారా? వాళ్లకి తోట పని తెలీదులే" అంది. తర్వాత నా వైపు తిరిగి, "రేపు బడికెళ్లు" అంది. నేను అక్కడే కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాను. మరుసటి ఏడాది హాస్టల్‌లో సీటు వచ్చింది. మొదటి రోజు నా ట్రంకుపెట్టె మోసుకెళ్లి తన పక్క మంచం చూపించింది పుష్పే.

అత్త పోయి మూడేళ్లయింది. ఆమె మీద ప్రేమ ఎంతని చెప్పను? నాకు ఉద్యోగమొచ్చిందని మా అమ్మ కంటే ముందు ఆమెకే ఫోన్ చేశాను. ఇప్పుడు నేను హైస్కూల్లో వ్యాయామ టీచర్ని. జూన్‌లో కొత్త జట్టు కట్టేటప్పుడు పిల్లల్ని ఎత్తు అడగను, ఊరు అడగను. "నీకిక్కడ ఎవరంటే పడదు?" అని ఒక్కటే అడుగుతాను. ఎవరి పేరు చెప్తే ఆ పిల్లతోనే నెలంతా జత. ఏడుపులుంటాయి, అలకలుంటాయి, తల్లులొచ్చి పోట్లాడతారు. నేను మాట మార్చను. ఈ ఏడాది రెడ్డిగూడెం నుంచి వచ్చిన ఒక పిల్ల లేచి, నా కళ్లలోకి చూసి, "మీరేనండీ మేడమ్" అంది. చీర కొంగు బొడ్లో దోపుకుని, చెప్పులు విప్పి కోర్టులోకి దిగాను.