గేటు లిస్టులో లేని పెంటయ్య

పెంటకుప్ప మీది నుంచి దీనుణ్ణి లేవనెత్తి కూర్చోబెట్టే దేవునికి స్తోత్రం. ఆయన చేసే ఆ పని గురించి నేను సంఘంలో ఎన్నోసార్లు చదివాను, పాడాను, ఆదివారాలు ప్రసంగం కూడా చేశాను. అది నా గురించే అని అర్థం కావడానికి మాత్రం ఒక తల్లి ఫ్యాక్టరీ గేటు బయట పూటంతా తిరగాల్సి వచ్చింది.

2016 జూన్‌లో నన్ను పటాన్‌చెరు నుంచి కాజీపల్లిలోని మా బల్క్ డ్రగ్ యూనిట్‌కు బదిలీ చేశారు. హోదా పర్సనెల్ ఆఫీసర్, పని టైమ్ ఆఫీస్ బాధ్యత. ఏ షిఫ్టులో ఎవరు లోపలికి వచ్చారు, ఎవరు బయటికి పోయారు, ఎవరు ఏ బ్లాకులో ఉన్నారు అన్నది చూసే చోటును టైమ్ ఆఫీస్ అంటారు. నా పైన హెచ్.ఆర్. మేనేజరు, నా కింద ఇద్దరు క్లర్కులు ఉండేవారు. గేటు దగ్గరి సెక్యూరిటీ వాళ్ళు కూడా ఏది అడగాలన్నా నన్నే అడిగేవారు.

మందుల ఫ్యాక్టరీలో ఒక నియమం ఉంది. రసాయనాలు కలిపి వండే రియాక్టర్ల దగ్గర సాల్వెంట్ ఆవిరి ఉంటుంది, చిన్న నిప్పురవ్వ చాలు అంటుకోవడానికి. అందుకని ఫోన్లు లోపలికి రానివ్వరు. కార్మికుడు ఫోన్ గేటు పక్క అల్మారాలో పెట్టి, షిఫ్టు అయ్యాక తీసుకుంటాడు. ఆ ఎనిమిది గంటలు ఇంటి నుంచి ఏ కబురొచ్చినా గేటు మీదుగానే రావాలి. గేటులో సెక్యూరిటీ అతను కంప్యూటర్‌లో పేరు కొడతాడు, టోకెన్ నంబరు, బ్లాకు తెలుస్తాయి, సూపర్వైజరుకు ఫోన్ చేస్తాడు. పేరు దొరక్కపోతే మనిషి దొరకడు.

నేను వెళ్ళిన ఏడాదే వేలిముద్రల హాజరు యంత్రం పెట్టారు. ప్రావిడెంట్ ఫండు కాగితాల్లో సర్టిఫికెట్ పేరు అలాగే ఉంటుంది. కొత్త కార్డు మీదా, గేటు లిస్టులోనూ మాత్రం 'పిలిచే పేరు' అని ఒక గడి ఇచ్చారు. ఆ గడి నింపే పని నాది.

నా సంగతి ఇక్కడ చెప్పాలి. నేను పుట్టినప్పుడు మా అమ్మ పెట్టిన పేరు పెంటయ్య. పద్దెనిమిదో ఏట బాప్తిస్మం తీసుకున్నప్పుడు మా పాస్టరు గారు దేవసహాయం అని పేరు పెట్టారు. ఆ రోజు సంఘం అందరి ముందూ అమ్మ అలవాటుగా "పెంటయ్యా" అని పిలిస్తే, ఇక ఆ పేరుతో పిలవొద్దని గట్టిగా చెప్పాను. ఆమె మళ్ళీ ఎన్నడూ పిలవలేదు. కొత్త పేరు నోరు తిరగక, నన్ను ఏ పేరుతోనూ పిలవకుండానే బతికి, అలాగే కన్నుమూసింది. అన్నం పెట్టేటప్పుడు నా ముందు కంచం చప్పుడు చేసేది, అంతే.

లిస్టు నింపుతుంటే పెంటయ్య అనే పేరు రెండుసార్లు, ఎంగిలి విస్తరాకు పేరున పెట్టే పుల్లయ్య ఒకసారి, పెంటమ్మ ఒకసారి కనిపించాయి. పెంటయ్యల్లో ఒకడు రియాక్టర్ హెల్పరు, కాజీపల్లికి అవతలి పల్లెవాడు, నెమ్మదస్తుడు. క్యాంటీన్‌లో అతను కూర్చుంటే పక్కవాడు ముక్కు మూసుకుని, "ఇగ అన్నం తిన్నట్టే రా" అనేవాడు. నాకు చిన్నప్పటి బడి గుర్తొచ్చింది. అతణ్ణి పిలిచి ప్రకాశ్ అని పెడుతున్నానని చెప్పాను. మీ ఇష్టం సార్ అన్నాడు. నాకు జరిగిన మేలు అతనికీ చేస్తున్నాననుకున్నాను. ఆ నాలుగు పేర్లూ ఒక్క పూటలో మార్చేశాను.

మరుసటి మార్చిలో ఒక రోజు పొద్దున తొమ్మిదిన్నరకు గేటు నుంచి ఫోన్ వచ్చింది. ఆ రోజు ఉన్నది కొత్త గార్డు. పెంటయ్య అనే అతని కోసం ఎవరో ముసలామె వచ్చింది, కంప్యూటర్‌లో లేడు, మన దగ్గర ఉన్నాడా అని అడిగాడు. నేను లిస్టు చూసి లేడని చెప్పాను. టోకెన్ నంబరు అడగమన్నాను. ఆమెకు తెలియదు. పక్క కంపెనీలో చూడమని చెప్పి పంపేయమన్నాను. నేనే మార్చిన పేరు నాకు గుర్తు రాలేదు. అంతకంటే పెద్ద సంగతి, అది నా పేరే అన్నది కూడా తట్టలేదు.

ఆమె భర్తకు పొద్దున్నే గుండెలో నొప్పి వస్తే ఇరుగుపొరుగువాళ్ళు సంగారెడ్డి ఆసుపత్రికి తీసుకుపోయారు. ఆయన కొడుకును చూడాలన్నాడు. కొడుకు ఫోన్ మా గేటు అల్మారాలో మోగుతూ ఉంది. ఆమె షేర్ ఆటో ఎక్కి వచ్చింది. మా గేటు కాదన్నాక, తానే కంపెనీ పొరపడ్డానేమో అనుకుని, ఆ వరుసలో ఉన్న గేట్లన్నీ ఎండలో నడిచి అడిగింది. ఎక్కడా పెంటయ్య లేడు. మళ్ళీ మా గేటుకే వచ్చి గోడ నీడన కూర్చుంది.

ఒంటిగంట దాటాక బి షిఫ్టు కోసం సెక్యూరిటీ జమేదారు ఫకీర్ సాబ్ వచ్చాడు. ఇరవై ఏళ్ళుగా ఆ గేటులో ఉన్న మనిషి, అందరి ఇళ్ళూ తెలుసు. ఆమెను చూడగానే గుర్తుపట్టి బ్లాకుకు ఫోన్ చేశాడు. నేను ప్రకాశ్ అని మార్చిన పెంటయ్య మాస్కు మెడలో వేలాడుతుండగానే బయటికి పరుగెత్తాడు. మా జీపు ఇచ్చాను. తల్లీకొడుకులు సంగారెడ్డి చేరేసరికి ఆయన పోయి అరగంటయింది.

ఆ సాయంత్రం ఫకీర్ సాబ్ టైమ్ ఆఫీసుకు వచ్చి నిలబడ్డాడు. కూర్చోమన్నా కూర్చోలేదు.

"సార్, నాకంటే ముందు మా అమ్మీకి ఇద్దరు పోయిన్రు. నేను పుట్టినంక పీర్ల పండుగల నన్ను ఫకీర్ని చేసింది. ఏడిండ్లల్ల భిక్షం అడుక్కొచ్చి నా నోట్ల పెట్టింది. ఫకీరంటే బిచ్చపోడే గదా సార్. నా పేరెందుకు మార్చలే మీరు?"

జవాబు నాకు తెలుసు. అతని మతం జోలికి పోకూడదని అతని పేరు ముట్టలేదు. సెంట్రిఫ్యూజ్ దగ్గర పనిచేసే బిహార్ మనిషి ఘూరన్‌ను ముట్టలేదు, ఎందుకంటే ఆ మాటకు అర్థం నాకు తెలియదు. తర్వాత అడిగితే, ఘూర్ అంటే తమ దిక్కున చెత్తకుప్ప అనీ, తన ముందు పుట్టినవాళ్ళు దక్కక తల్లి అలా పెట్టిందనీ చెప్పాడు. మూడు భాషల తల్లులు, ఒకరినొకరు ఎన్నడూ చూడనివాళ్ళు, ఒకే పని చేశారు. బిడ్డ మీద ఎవరి కన్నూ పడకుండా, ఎవరికీ అక్కరలేని పేరు పెట్టి దాచుకున్నారు. నేను మా అమ్మ నన్ను దాచుకున్న పేరునే ఇంకొకరి మీది నుంచి తీసి పారేశాను.

అయిదో రోజు ఫకీర్ సాబ్‌ను వెంటబెట్టుకుని పెంటయ్య వాళ్ళ ఊరు వెళ్ళాను. తప్పు నాదని చెప్పాను. కొడుకు తల వంచుకునే అన్నాడు: "ప్రకాశ్ అన్నప్పటిసంది ఎవ్వడు నవ్వలే సార్. నాకు గూడ మంచిగనే ఉండె."

తల్లి నన్ను తిట్టలేదు. చెప్పింది, అంతే.

"వీనికి ముందుగాల ఇద్దరు దక్కలే సారూ. వీడు పుట్టంగనే చాటల పండవెట్టి పెంటకుప్ప మీద పెట్టొచ్చిన. ఎదురింటామె ఎత్తుకపోయింది. ఇన్ని నూకలిచ్చి మల్ల కొనుక్కున్న. నా పిల్లగాడు కాదు, పెంట మీద దొరికినోడు అని సెప్పుకున్న. గందుకే బతికిండు. గా పేరు వట్టుకొనే నేను గేటు గేటు తిరిగిన."

లేచి నిలబడ్డాను. ఎందుకు చెప్పానో తెలియదు, నా పేరు కూడా పెంటయ్యేనని చెప్పాను.

ఆమె నా ఇస్త్రీ చొక్కా, కళ్ళద్దాలు చూసింది. "నీ ముందుగాల ఎందరు పోయిన్రు?" అని అడిగింది. ముగ్గురు అన్నాను.

"మరి గట్ల నిలవడ్డవేంది పెంటయ్యా, కూసో," అంది.

నలభై ఏళ్ళ తర్వాత ఒక తల్లి నోట ఆ పిలుపు విన్నాను. కూర్చున్నాను. ఆమె ఇచ్చిన నీళ్ళు తాగాను.

మరుసటి వారం ఆ నలుగురినీ విడివిడిగా పిలిచి అడిగాను. ఇద్దరు పాత పేరే కావాలన్నారు. పెంటమ్మ కొత్తదే ఉంచమంది. నాలుగోవాడు మా పెంటయ్య. కార్డు మీద ప్రకాశ్ ఉండనివ్వమనీ, గేటు లిస్టులో అమ్మ పిలిచేది పెట్టమనీ అన్నాడు. మేనేజరు సంతకంతో చేరిక ఫారంలో 'ఇంట్లో పిలిచే పేరు' అని ఒక వరుస చేర్పించాను. ఏ పేరు కొట్టినా మనిషి దొరికేలా లిస్టు మార్పించాను. 2019లో నేను రిటైరయ్యే నాటికి ఆ వరుస ఉంది.

ఆ సంఘటన నాకు నేర్పింది ఇది. ఉద్యోగం మనకు పేర్లు రాసే పని ఇస్తుంది, మార్చే హక్కు ఇవ్వదు. మనిషిని వెతుక్కుంటూ వచ్చేవాళ్ళు ఏ పేరుతో వస్తారో ఆ పేరు గేటులో ఉండి తీరాలి. యాకోబుకు కొత్త పేరు పెట్టిన దేవుడే, అతని ముసలితనంలో ఒక రాత్రి 'యాకోబూ, యాకోబూ' అని పాత పేరుతోనే రెండుసార్లు పిలిచాడు. ఎన్నోసార్లు చదివిన ఆ చోట నేను ఇప్పుడు ఆగుతాను.

చదివేవారు నాతో కలిసి ప్రార్థించండి. ఆ తల్లికీ కొడుకుకూ దేవుడు ఆదరణ ఇవ్వాలని. వెతుక్కుంటూ వచ్చినవాళ్ళకు లేడు అని చెప్పకుండా మన నోళ్ళకు కాపలా పెట్టాలని. ఆఖరి దినాన గ్రంథాలు విప్పి పేర్లు చదివేటప్పుడు, నన్ను మా అమ్మ పిలిచిన పేరుతో పిలవాలని. ఆమె ఆ గుంపులో నిలబడి ఉంటే, ఆ పేరైతేనే తలెత్తి చూస్తుంది. ఆమేన్.